కువైటు గారెలు

మా కొట్లో ఈస్ట్ అడిగినవాళ్ళని నేను మొదట అడిగే ప్రశ్న ఒకటే. "ఎన్ని ఎకరాలకి?"

విడవలూరు దగ్గర రొయ్యల మేత, మందులు అమ్మే కొట్లో పనిచేస్తాను. తవుడు, బెల్లం, ఈస్ట్ కలిపి ఒక పూట పులియబెట్టి ఆ నీళ్ళు చెరువులో చల్లితే నీటికి మంచి రంగు వస్తుంది. ఎకరాకి ఇంతని లెక్క ఉంది. ఎకరాలు తెలియకపోతే తూచలేను. మొన్న ఒకామె వచ్చి ఈస్ట్ కావాలంటే అలవాటు కొద్దీ అదే అడిగాను. ఆమె నన్ను వింతగా చూసి, "బన్నులకండీ" అంది. తూచి పొట్లం కట్టి ఇచ్చాను గానీ ఆ తర్వాత చాలాసేపు ఏ కూడికా కుదరలేదు. కువైటు అక్క గుర్తొచ్చింది. ఆమె పోయి రెండు పంటలైంది. పంట అంటే మాకు నాలుగు నెలలు.

ఆమె మొదటిసారి కొట్టుకి వచ్చినప్పుడూ ఇట్లాగే జరిగింది.

"ఈస్ట్ ఉందంట కదా తమ్ముడా?"

"ఉందక్కా. ఎన్ని ఎకరాలకి?"

"అరకిలో మైదాకి."

"మైదా ఏ చెరువులో కలుపుతారక్కా?"

"నూనె చెరువులో," అందామె. నవ్వలేదు. నవ్వించి తను నవ్వకపోవడం ఆమె పద్ధతని తర్వాత తెలిసింది.

పొట్టి మనిషి. నలభై దాటి ఉంటాయి. కుర్చీ వేస్తే కూర్చోలేదు. పదకొండేళ్ళు కువైటులో ఒకరి ఇంట్లో వంట చేసి వచ్చిన మనిషి. ఎవరింటికి పోయినా గుమ్మం పక్కన గోడకి ఆనుకుని నిలబడేది. తన ఇంట్లో కూడా పళ్ళెం చేతిలో పెట్టుకుని నిలబడే తినేది. "కూర్చోండక్కా" అంటే, "కూర్చుంటే ఎవరో పిలిచినట్టుంటుంది తమ్ముడా" అనేది. పిండి పిసికేటప్పుడు అరబ్బీలో అంకెలు లెక్కపెట్టేది. వాహద్, ఇత్నేన్, తలాతా, అర్బా. నూరు దాకా పోయి మళ్ళీ మొదలుపెట్టేది. మూడు నూర్లు అయితే పిండి తయారు. నాకు అరబ్బీ అంకెలు ఇరవై దాకా వస్తాయి. ఆమె దగ్గర నేర్చుకున్నవే.

ఆ ఇంట్లో ఆమెతోపాటు పనిచేసిన ఫిలిప్పీన్స్ అమ్మాయి ఆమెకి డోనట్లు నేర్పిందట. మా ఊళ్ళో మాత్రం వాటిని ఎవరూ డోనట్లు అనలేదు. నడుమ చిల్లు ఉంది కాబట్టి కువైటు గారెలు అన్నారు. మొదట తిన్న ముసలాయన ఒకాయన, "చెట్నీ ఏదిమ్మే?" అని అడిగాడు. ఆమె అంతే గంభీరంగా, "చెట్నీకి వీసా రాలేదు పెద్దాయనా," అంది.

ఈస్ట్ తీసుకుపోయిన వారానికి చంకలో గిన్నె పెట్టుకుని మళ్ళీ వచ్చింది. పైన తడిగుడ్డ. గుడ్డ తీస్తే పిండి పొంగి, కూలి, గిన్నెకి అంటుకుని ఉంది. కల్లు కుండ వాసన.

"చూడు. అక్కడ గంట అంటే గంటే. పదకొండేళ్ళు ఒకటే గంట. ఇక్కడ గంటకి ఇట్లా అయింది. నీది రొయ్యల ఈస్ట్ కాబట్టే ఎగిరెగిరి పడుతోంది."

"రొయ్యలకైనా రొట్టెకైనా ఇది ఒకటే ఈస్టక్కా. అక్కడ వంటగదిలో వేడి ఎంత?"

"వేడేంది? ఏసీ."

"ఎంత మీద పెడతారు?"

"ఇరవై నాలుగు. మేడమ్ ఎవర్నీ తాకనీదు."

"మీ వంటిల్లు?"

పైకప్పు వైపు చూసి, "రేకులు," అంది.

చెరువు నీళ్ళలో ముంచే థర్మామీటరు తీసుకుని ఆమె వెంట పోయాను. వంటింట్లో ముప్పై మూడు ఉంది. ఇది నాకు తెలిసిన సంగతే. నీళ్ళు వెచ్చబడితే రొయ్య ఎక్కువ తింటుంది, చల్లబడితే తక్కువ. ఈస్ట్ కూడా అంతే. తర్వాత ఆరు ఆదివారాలు ఆమె పిండి కలపడం, నేను టైము రాసుకోవడం. నేను పదో తరగతి తప్పినవాణ్ణి, నాకొచ్చిన లెక్కలన్నీ చెరువు గట్టు మీద వచ్చినవే, కాబట్టి ఇది పుస్తకాల్లో ఎట్లా ఉంటుందో తెలియదు. మాకు తేలింది ఇది. ఇరవై నాలుగు డిగ్రీలకి అరవై నిమిషాలు. అక్కడినుంచి డిగ్రీ పెరిగితే మూడు నిమిషాలు తగ్గించాలి. ముప్పై మూడుకి ముప్పై మూడు నిమిషాలు. ఆమెకి తీసివేతలు నోటికి రావు. అందుకని మైదా డబ్బా మూత మీద ఇరవై ఆరు నుంచి ముప్పై ఆరు దాకా పదకొండు వరుసలు మార్కరుతో రాసిచ్చాను. థర్మామీటరు కూడా అక్కడే వదిలేశాను.

అప్పట్నించి పిండి మాట విన్నది. అరకిలో మైదాకి పదిహేను వచ్చేవి. పొంగిన పిండిని అరచేత్తో ఒక్కసారి అణిచి, వేలి మందాన ఒత్తి, స్టీలు గ్లాసుతో గుండ్రంగా కోసేది. టానిక్ సీసా మూతతో నడుమ చిల్లు. ఒక్కొక్కదాన్ని నలుచదరంగా కత్తిరించిన అరిటాకు ముక్క మీద పెట్టి మళ్ళీ పావుగంట పొంగనిచ్చేది. ఆకుతో సహా ఎత్తి నూనెలోకి జార్చితే చెయ్యి తగలదు, పొంగు అణగదు. సరిగ్గా పొంగినది నూనెలో సగమే మునుగుతుంది. తిప్పి రెండోవైపు కాల్చాక నడుం చుట్టూ తెల్లటి పట్టీ ఒకటి మిగులుతుంది. ఆమె దాన్ని వడ్డాణం అనేది. వడ్డాణం లేనిది వస్తే పక్కన పడేసి, "పెళ్ళికూతురు కాదిది," అనేది.

ఇంత శ్రమ ఎవరికోసమో మూడో ఆదివారం గానీ నేను అడగలేదు.

"ఆ ఇంట్లో ముగ్గురు పిల్లలు తమ్ముడా. ప్రతి శుక్రవారం చేసేదాన్ని. వారానికి ఇరవై. పదకొండేళ్ళకి ఎన్ని?"

నడుమ మూడుసార్లు సెలవుకి వచ్చిందని తెలుసు. సారికి రెండు నెలలు. అవి తీసేసి, "పదివేల తొమ్మిదివందల ఇరవై," అన్నాను.

"నా బిడ్డకి ఎన్ని?"

నేను వేళ్ళు మడవబోయాను.

"అది నువ్వు వెయ్యక్కర్లేదులే," అంది.

భర్త పడవ మీద వేటకి పోయి తిరిగి రాలేదు. అప్పటికి కూతురికి అయిదేళ్ళు. ఆరో ఏట ఆ పిల్లని తన అక్క ఇంట్లో పెట్టి విమానం ఎక్కింది. తిరిగి వచ్చేసరికి ఆ పిల్ల ఇంటరు చదువుతోంది. పెద్దమ్మ ఇంట్లోనే ఉంటోంది, మా వీధికి రెండు వీధుల అవతల. ఈమె కట్టుకున్న ఇంట్లో రెండో గది ఆ పిల్లకోసం. మంచం, చదువుకునే బల్ల, బల్ల మీద లైటు. బల్ల మీద దుమ్ము పడకుండా రోజూ తుడిచేది. రమ్మని మాత్రం కూతుర్ని అడగలేదు. "విడిచిపెట్టి పోయినదాన్ని. రమ్మనే నోరు నాకెక్కడిది? నా చేతిది ఇష్టంగా తిన్నరోజు దానంతట అదే వస్తుంది," అనేది. ఆమె పెట్టుకున్న ఆశంతా అదే.

ఆదివారం సాయంత్రం మేత వెయ్యడానికి చెరువుకి పోయే దారిలో ఆరు డోనట్లున్న టిఫిను డబ్బా ఆ పెద్దమ్మ ఇంట్లో ఇచ్చేవాణ్ణి. వచ్చేటప్పుడు ఖాళీ డబ్బా తెచ్చేవాణ్ణి. కువైటు అక్క తన గుమ్మం దగ్గరే నిలబడి ఉండేది.

"ఎన్ని తినింది?"

పెద్దమ్మని నేను ముందే అడిగి వచ్చేవాణ్ణి. "ముట్టను కూడా ముట్టలేదయ్యా. మా పిల్లకాయలు తిన్నారు," అనేది ఆమె. ఆ పిల్ల ఎదురుపడితే డబ్బా తీసుకుని, "థాంక్స్ మామా," అని లోపలికి పోయేది. మొహంలో కోపం ఉండేది కాదు. అదే నాకు అర్థమయ్యేది కాదు.

"లేదక్కా," అనేవాణ్ణి.

"సరే." డబ్బా తీసుకుని కడిగేది. అంతే.

ఒక ఆదివారం నావల్ల కాలేదు. "మూడు తినిందక్కా," అన్నాను. ఆమె మొహం చూసి అన్నందుకు సంతోషించాను కూడా. తర్వాతి ఆదివారం పిండి పిసుకుతూ, "తమ్ముడా, రొయ్య తిన్న మేత కంటే ఎక్కువ తినిందని పుస్తకంలో రాస్తే ఏమవుతుంది?" అని అడిగింది.

"ఆ లెక్కన మళ్ళీ మేత వేస్తాం. మిగిలింది కుళ్ళి చెరువు చెడుతుందక్కా."

"మా అక్క ఫోన్ చేసింది," అంది. వాహద్, ఇత్నేన్ అని మళ్ళీ మొదలుపెట్టింది. ఇక నేనెప్పుడూ పెంచి చెప్పలేదు.

ఇట్లా ఇరవై రెండు ఆదివారాలు. నా లెక్కలో ఇరవై రెండు సున్నాలు.

ఆ తర్వాత పిల్ల పుట్టినరోజు వచ్చింది. పాస్టరు అయ్యగారిని పిలిచి సాయంత్రం అయిదింటికి ప్రార్థన పెట్టుకున్నారు. ప్రార్థన అమ్మ ఇంట్లో పెట్టుకుందామంటే ఆ పిల్ల సరేనంది. సరే అందని చెప్పడానికి కువైటు అక్క కొట్టుకి నడిచి వచ్చింది. కిలో మైదా, ముప్పై డోనట్లు, పదిహేను గ్రాముల ఈస్ట్. నేనే తూచి పొట్లం కట్టిచ్చాను.

పుట్టినరోజు మధ్యాహ్నం మూడుంబావుకి ఫోన్ చేసింది. "తమ్ముడా, పిండి లేవలేదు."

పోయి చూశాను. వంటింట్లో ముప్పై నాలుగు. లెక్క ప్రకారం ముప్పై నిమిషాలు చాలు. గంటన్నర అయిందట. వేలితో నొక్కితే రాయిలా ఉంది. మిగిలిన చిటికెడు ఈస్ట్ గోరువెచ్చని పంచదార నీళ్ళలో వేసి పది నిమిషాలు చూశాను. ఒక్క బుడగ రాలేదు. అప్పుడు తెలిసింది. మా కొట్లో రెండు డబ్బాలు పక్కపక్కన ఉంటాయి. ఒకటి తవుడు పులియబెట్టే ఈస్ట్, బతికున్నది. రెండోది బలానికని మేతలో కలిపేది, వేడికి చంపి పొడి చేసినది. రంగూ వాసనా దాదాపు ఒకటే. నేను రెండో డబ్బాలోంచి తూచాను.

"తప్పు నాదక్కా," అన్నాను.

ఆమె తిట్టలేదు. గోడ గడియారం చూసి, "ఎంతసేపట్లో తెస్తావు?" అంది.

నాలుగు కావడానికి పది నిమిషాలుందనగా మంచి ఈస్ట్ తెచ్చాను. వెచ్చని నీళ్ళలో కరిగించి, కొత్త పిండి తడపకుండా ఆ గట్టి ముద్దలోకే పిసకాలని ఆమె నిర్ణయం. పది నిమిషాలు పిసకడానికి, ముప్పై పొంగడానికి, పది కొయ్యడానికి, పదిహేను మళ్ళీ పొంగడానికి. అయిదుకి అయిదు నిమిషాలు తక్కువకి మొదటి వాయి పడుతుంది. అయిదేసి చొప్పున ఆరు వాయిలు. ప్రార్థన అయ్యేలోపు అవుతాయని చెప్పాను. ఈస్ట్ నీళ్ళు పోస్తే ముద్ద జారిపోతోంది, చేతికి దొరకడం లేదు. ఆమె గిన్నెని కాళ్ళ మధ్య ఇరికించుకుని నేల మీద కూర్చుని పిసుకుతోంది. ఆమె కూర్చోగా చూడటం నాకు అదే మొదటిసారి. అంకెలు లెక్కపెట్టడం లేదు. చెమట కళ్ళలోకి కారుతోంది.

అప్పుడే ఆ పిల్ల, పెద్దమ్మ ముందుగా వచ్చేశారు. పెద్దమ్మ బయట చాపలు పరవడానికి పోయింది. పిల్ల వంటింటి గుమ్మంలో నిలబడింది.

"ఎందుకంత ఆత్రం?"

"పో, కూర్చో. అయిపోతుంది."

"ఇయ్యాళ కాకపోతే రేపు చెయ్యి. ఎల్లుండి చెయ్యి."

"ఇయ్యాళే కావాలమ్మా."

"ఇయ్యాళే ఎందుకు?" ఆ పిల్ల గొంతు మామూలుగానే ఉంది. "టికెట్టు ఎప్పటికి?"

ఆమె చేతులు ఆగాయి. "ఏం టికెట్టు?"

"నీ టికెట్టే."

"నేను ఎక్కడికీ పోనని వచ్చిన రోజే చెప్పినా కదే!"

"పోయినసారి వచ్చినప్పుడూ చెప్పినావు. అంతకుముందూ చెప్పినావు." పిల్ల నావైపు చూసింది, నేనేదో లెక్క సరిచూసేవాణ్ణయినట్టు. "మామా, మొదటిసారి వచ్చినప్పుడు అరిసెలు వండింది. వండిన వారానికి పోయింది. రెండోసారి కజ్జికాయలు. అయిదు రోజులకి పోయింది. మూడోసారి లడ్లు. డబ్బాకెత్తి నా చేతికిచ్చి అదే రోజు పోయింది. నూనె బాండ్లి పెట్టిందంటే పెట్టె సర్దినట్టే. నాకు రెండోసారికే తెలుసు. ఈసారి వచ్చింది మొదలు ప్రతి ఆదివారం బాండ్లి పెడుతోంది. ప్రతి ఆదివారం ఈ వారమే అనుకుంటా."

"అందుకా తినవు?" అడిగింది నేను.

"తింటే అమ్మకి తృప్తి అయిపోతుంది మామా. తృప్తి అయితే పోతుంది. తినకపోతే పని మిగిలున్నట్టు కదా. ఒక్కటీ తినలేదు. పోలేదు కూడా."

ఇరవై రెండు సున్నాలు నేనే రాసుకున్నాను. ఒక్కటీ తప్పు కాదు. వాటిని చదవడమే నాకూ ఆమెకూ చేతకాలేదు.

కువైటు అక్క పిండి చేతులతోనే కూతురి మొహంలోకి చూసింది. పాస్‌పోర్టు తెచ్చి చూపిస్తుందేమో, బైబిలు మీద ప్రమాణం చేస్తుందేమో అనుకున్నాను. అవేవీ చెయ్యలేదు.

"అయితే తినబాక," అంది.

"ఏంది?"

"తినబాక. ఇయ్యాళా తినబాక, ఎప్పుడూ తినబాక. నేను చేస్తానే ఉంటా, నువ్వు తినకుండానే ఉండు. సరేనా?"

ఆ పిల్ల నవ్వింది. నవ్వుతూనే కళ్ళు తుడుచుకుని, కాళ్ళు మడిచి తల్లికి ఎదురుగా కూర్చుని గిన్నె అంచులు పట్టుకుంది, జారకుండా. పిసకడం సులువైంది.

ముప్పై అయ్యాయి. వాటిలో నాలుగింటికి వడ్డాణం సరిగా రాలేదు. పిల్లే అందరికీ వడ్డించింది. అయ్యగారు రెండు తిని, "పుట్టినరోజు పిల్ల తినదా?" అన్నారు. "దానికి పడవు అయ్యగారూ," అంది కువైటు అక్క, గోడకి ఆనుకుని. ఆమెని అంత ధీమాగా నేనెప్పుడూ చూడలేదు. బుధవారం ఆ పిల్ల పుస్తకాల సంచి, బట్టలు తెచ్చుకుని రెండో గదిలో దిగింది.

ఆ తర్వాత నాలుగేళ్ళు. ప్రతి ఆదివారం చర్చి నుంచి వచ్చి తల్లి పిసికేది, కూతురు కోసేది. చివరి వాయి దించాక తల్లి అన్నిటికన్నా మంచి వడ్డాణం ఉన్నది ఒకటి ఎత్తి పట్టుకునేది.

"తింటావా?"

"తినను."

"మంచిది." అని తనే తినేసేది. బయటివాళ్ళు చూస్తే వీళ్ళకేదో పట్టింది అనుకునేవాళ్ళు. డిగ్రీ అయ్యాక ఆ పిల్ల చెరువు నీళ్ళు పరీక్షించే ల్యాబులో చేరింది. నాకు పనిమీద రోజూ కనపడేది. "ఏమ్మా, నిన్న తిన్నావా?" అంటే, "అయ్యో మామా, ఇంకా నయం!" అనేది.

జ్వరంతో మొదలై గుండె దాకా పోయింది. నెల్లూరు ఆసుపత్రిలో నాలుగు రోజులు. ఆమె అక్కడ కూడా నర్సమ్మలని నవ్విస్తూనే ఉందని పెద్దమ్మ చెప్పింది. అయిదో రోజు ఇంటికి తెచ్చారు.

ఆదరణ కూడిక రోజు, అంటే పోయినవాళ్ళ ఇంట్లో అందరూ చేరి ప్రార్థన చేసుకునే రోజు, నేను కుర్చీలు వేయిద్దామని పొద్దున్నే పోయాను. వంటింట్లో నూనె కాగుతున్న వాసన. ఆ పిల్ల ఒక్కతే ఉంది. అరిటాకు ముక్కల మీద వరసగా పెట్టి ఉన్నాయి. మొదటి వాయి అప్పుడే దించింది, అయిదు. వడ్డాణాలు సన్నగా ఉన్నాయి.

ఆ పిల్ల ఒకటి తీసుకుంది. వేడిగా ఉందేమో ఒక చేతిలోంచి ఇంకో చేతిలోకి రెండుసార్లు మార్చుకుని, పొయ్యి దగ్గరే నిలబడి, మెల్లగా పూర్తిగా తినింది. పంచదార అంటిన వేళ్ళు చూసుకుంది. నాకొకటి పళ్ళెంలో పెట్టి ఇచ్చింది.

"అమ్మ చేసేవి ఇట్లనే ఉండేవా మామా?"

కొరికాను. నమిలాను. "ఇంకొంచెం మెత్తగా ఉండేవమ్మా," అన్నాను.

"అవునా," అని పొయ్యి కట్టేసింది. ఆకుల మీద మిగిలినవాటికి తడిగుడ్డ మళ్ళీ కప్పి, "అయితే ఇంకో పది నిమిషాలు చూద్దాం," అంది.